కొత్త పంచెను పాత చేసే పని: మలయాళ సినిమాల్లో నా ఎనిమిదేళ్లు

మొదటి రోజు నా చేతికి ఒక కొత్త ముండు, ఒక ఉప్పు కాగితం ఇచ్చారు. ముండు అంటే మలయాళీలు కట్టుకునే పంచె. మన చెవికి ఆ మాట ఇబ్బందిగానే ఉంటుంది, అలవాటు కావడానికి నాకూ చాలా రోజులు పట్టింది. ఉప్పు కాగితం అంటే వడ్రంగులు చెక్క నునుపు చేయడానికి రుద్దేదే. "సాయంత్రానికల్లా దీన్ని ఐదేళ్లు కట్టినట్టు చెయ్యి మోళే" అన్నారు మా చేచ్చి. మోళే అంటే అమ్మాయ్ అని, చేచ్చి అంటే అక్క. ఆవిడ ఆ సినిమాకి కాస్ట్యూమ్ డిజైనర్. నేను ఆవిడ ముగ్గురు అసిస్టెంట్లలో అందరికన్నా చిన్నదాన్ని. అది 2016, కొచ్చిలో కలూరు దగ్గర ఒక అద్దె ఇంటి డాబా.

పంచె మడత విప్పి ఒళ్లో పెట్టుకుని అలాగే కూర్చున్నాను. రుద్దడానికి చెయ్యి రాలేదు.

మాది మంగళగిరి. మగ్గం ఇల్లు. నాన్న గుంట మగ్గంలో కాళ్లు పెట్టుకుని కూర్చుంటే మధ్యాహ్నం అన్నానికి తప్ప లేచేవారు కాదు. ఒక్క పోగు తెగితే మగ్గం ఆపి, తెగిన కొసలు వెతికి, ముడి కనిపించకుండా అతికి, మళ్లీ మొదలుపెట్టేవారు. బట్టలో మచ్చ ఉంటే కూలి కోసేస్తారు. చిన్నప్పుడు తడి చేతులతో చీర ముట్టుకున్నానని నన్ను ఎంత తిట్టారో ఇప్పటికీ గుర్తుంది. అలాంటి ఇంట్లో పుట్టి, ఎవరో రోజంతా కూర్చుని నేసిన బట్టని ఉప్పు కాగితంతో రుద్దడమా? ఆ రోజు సాయంత్రానికి నేను చేసింది పావు వంతు కూడా లేదు. చేచ్చి ఏమీ అనలేదు. నా చేతిలోంచి తీసుకుని, అంచు దగ్గర మొదలుపెట్టి, అరగంటలో చూపించారు. ఆ చూపించింది నేర్చుకోవడానికే నాకు ఈ ఎనిమిదేళ్లు పట్టాయి. అందుకే ఇదంతా రాస్తున్నాను.

అసలు కేరళకి ఎలా వెళ్లానంటే, ఫ్యాషన్ డిజైన్ చెప్పే నిఫ్ట్ కాలేజీల ప్రవేశ పరీక్షలో నాకొచ్చిన ర్యాంకుకి కన్నూరు క్యాంపస్ దొరికింది. హైదరాబాద్ వస్తుందని ఆశపడ్డాను, రాలేదు. అమ్మ భయపడింది, భాష రాదు, తిండి పడదు అని. మా అమ్మమ్మది తెనాలి. "మన ఊరి శారద అక్కడికెళ్లే కదే అంత పేరు తెచ్చుకుంది" అని ఆవిడే నన్ను పంపించింది. నిజమే. ఊర్వశి శారద గారికి జాతీయ ఉత్తమ నటి పురస్కారం మూడుసార్లు వస్తే, అందులో రెండు మలయాళ సినిమాలకే. ఆ తర్వాత ఆవిడ పేరు నా జీవితంలోకి ఇంకో రకంగా వచ్చింది, అది తర్వాత చెప్తాను.

కన్నూరులో నాలుగేళ్లు. బస్సు బోర్డులు చదువుతూ మలయాళం నేర్చుకున్నాను. మొదటిసారి అక్కడ థియేటర్లో సినిమా చూసినప్పుడు టైటిల్స్‌లో ఒక మాట కూడబలుక్కుని చదివాను: వస్త్రాలంకారం. మనదే అనిపించే మాట! కాస్ట్యూమ్స్ అనడానికి వాళ్లు వాడేది అదే. ఆ కార్డు మీద నా పేరు చూసుకోవాలన్న కోరిక అక్కడే మొదలైంది.

చదువు అయ్యాక కొచ్చి వెళ్లి, లేడీస్ హాస్టల్లో చేరి, తెలిసినవాళ్ల ద్వారా నంబర్లు పట్టి ఫోన్లు చేశాను. ఈ పనికి ఎక్కడా ప్రకటన వేయరు. ఒకరి దగ్గర ఒకరు కుదురుకోవడమే. రెండున్నర నెలలు ఎవరూ పిలవలేదు. ఇంట్లో ఉద్యోగం వచ్చిందని అబద్ధం చెప్పాను. చివరికి మా చేచ్చి పిలిచి, నా పోర్ట్‌ఫోలియోలో గీసిన బొమ్మల్ని గబగబా తిప్పేసి, "ఇస్త్రీ చేయడం వచ్చా? గుండీ కుట్టడం వచ్చా? తెల్లవారుజామున నాలుగింటికి లేవగలవా?" అని మూడు ప్రశ్నలు అడిగారు. మూడింటికీ అవునన్నాను. డిజైన్ గురించి ఒక్క మాట అడగలేదు.

బయటివాళ్లకి కాస్ట్యూమ్ డిజైనర్ అంటే హీరోయిన్‌కి లెహంగా కుట్టించే మనిషి గుర్తొస్తుంది. మలయాళంలో నేను చేసిన పని చాలా వరకు మామూలు మనుషుల మామూలు బట్టలు. ఆటో డ్రైవరు, గల్ఫ్ నుంచి తిరిగొచ్చిన మేనమామ, స్కూలు టీచరు, పంచాయతీ ఆఫీసు గుమాస్తా. సినిమా చూసి బయటికొచ్చినవాళ్లు బట్టల గురించి ఒక్క మాటా అనకపోతే మేం మా పని బాగా చేసినట్టు. ఇది మొదట్లో నాకు బాధగా ఉండేది. ఇప్పుడు అదే నా గర్వం.

పని స్క్రిప్ట్ దగ్గర మొదలవుతుంది. ఒకసారి కథ కోసం చదువుతాం, రెండోసారి రోజుల కోసం. కథలో ఎన్ని రోజులు గడిచాయి, ఏ సీను ఏ రోజుది, ఆ మనిషి ఇంటికెళ్లి బట్టలు మార్చుకునే వీలుందా లేదా అన్నది పెద్ద చార్టు మీద రాసుకుంటాం. షూటింగ్ ఈ వరసలో జరగదు కదా. గుమ్మంలోంచి బయటికి రావడం ఈరోజు కొచ్చిలో తీస్తారు, అదే గుమ్మంలోకి అడుగుపెట్టడం మూడు వారాల తర్వాత తొడుపుళలో తీస్తారు. పైగుండీ పెట్టి ఉందా, చొక్కా చేతులు ఎన్ని మడతలు మడిచారు, వాచీ ఏ చేతికి, జేబులో పెన్ను ఉందా, ముండు దించి ఉందా, ఎత్తి కట్టారా. ప్రతి షాట్‌కీ ఫోటో తీసి, సీను నంబరు రాసి, ఆ బట్టల్ని అదే నంబరుతో సంచిలో కడతాం. ముండు ఉన్న సినిమాలో కంటిన్యుటీ చూడటం ప్యాంటు సినిమా కన్నా ఎన్నో రెట్లు కష్టం. ఎందుకంటే ముండు ఒక చోట నిలబడదు.

మలయాళీ మగవాడు మాట్లాడుతూ మాట్లాడుతూనే మడమతో అంచుని వెనక్కి తన్ని, చేత్తో అందుకుని, మోకాళ్ల పైకి మడిచి నడుం దగ్గర దోపుకుంటాడు. పెద్దవాళ్లు ఎదురైతే చటుక్కున దించేస్తాడు. మన దగ్గర లుంగీ ఎగ్గట్టినవాడు పెద్దాయన్ని చూసి దించినట్టే. కానీ అక్కడ అదొక భాషలా ఉంటుంది. దించకపోతే ధిక్కారం, సగం దించితే అయిష్టం. ఒక సినిమాలో కొడుకు తండ్రి ముందు ముండు దించకుండా నిలబడే షాట్ ఉంది. డైలాగ్ లేదు. ఆ రోజు సెట్లో ఉన్నవాళ్లందరికీ విషయం అర్థమైపోయింది, నాకు తప్ప. చేచ్చి చెవిలో చెప్పారు.

ఇంకో సంగతి నేను నేర్చుకున్నది ఒక జూనియర్ ఆర్టిస్టు దగ్గర. కోళికోడ్ వైపు ఒక పెళ్లి సీను. వెనకాల నిలబడే అరవై మందికి బట్టలు కట్టించే బాధ్యత నాది. అందరికీ ఒకే వైపు కట్టించాను. ఒక ముసలాయన నన్ను పక్కకి పిలిచి, "మోళే, ఇది ముస్లింల ఇంటి పెళ్లి కదా, మేం ఎడమ వైపు కడతాం, కుడి వైపు కట్టేది హిందువులు" అన్నారు. అప్పటికి లైటింగ్ అయిపోవచ్చింది. ఇద్దరం పరుగెత్తి పదిహేను నిమిషాల్లో అందరివీ మార్చాం. ఆ మార్పు తెర మీద రెండు సెకన్లు కనిపిస్తుందేమో. అయినా మలబారులో ఆ సినిమా చూసే మనిషికి ఆ రెండు సెకన్లలోనే తెలిసిపోతుంది, ఇది తీసినవాళ్లకి తన గురించి తెలుసో తెలియదో. ఆ తర్వాత నేను ఏ ఊరి కథ అయినా ముందు ఆ ఊరు వెళ్లి రెండు రోజులు బస్టాండులో కూర్చుంటాను. సిరియన్ క్రైస్తవ ముసలమ్మల చట్టా ముండు వెనక విసనకర్రలా పడే కుచ్చిళ్లు, ముస్లిం పెద్దవాళ్ల కాచి ముండు, మండల కాలంలో అయ్యప్ప దీక్ష వాళ్ల నల్ల ముండు, ఎన్నికలప్పుడు పార్టీ రంగుల అంచులతో వచ్చే ముండులు, అన్నీ అలా చూసి నేర్చుకున్నవే.

ఇక బట్టని పాత చేయడం. దీన్ని సెట్లో ఏజింగ్ అంటారు.

కొత్త నూలు బట్టని నేరుగా టీ నీళ్లలో ముంచితే మచ్చలు మచ్చలుగా పట్టుకుంటుంది, ఎందుకంటే అందులో గంజి ఉంటుంది. ముందు రాత్రంతా వాషింగ్ సోడా నీళ్లలో నానబెట్టి, ఉతికి గంజి వదిలించాలి. తర్వాత టీ పొడి మరిగించి వడకట్టిన నీళ్లు, అందులో కాస్త పటిక. ఎంతసేపు ఉంచాలన్నది కంటితో చూసుకోవడమే, తడి మీద ఒక ఛాయ ఎక్కువ కనిపిస్తుంది, ఆరాక తగ్గుతుంది. అంత తెల్లటి బట్టని ఎందుకు ముంచాలంటే, కెమెరాకి తళతళలాడే తెలుపు పడదు. ఎండలో ఆ బట్ట వెలిగిపోయి మొహం నల్లబడిపోతుంది. పైగా కేరళలో తెలుపంటే ఇంటింటా నీలం వేసి ఆరేసిన తెలుపు. ఆ ఉజాలా పుట్టింది కూడా 1983లో త్రిశ్శూరు దగ్గరే. అందుకే ధనవంతుడి ముండుకి నీలం ఛాయ వదిలేస్తాం, పేదవాడి ముండుకి టీ ఛాయ పడుతుంది. దగ్గరగా చూస్తే తప్ప తెలియదు, కానీ ఇద్దరూ ఒక ఫ్రేములో నిలబడితే తెలుస్తుంది.

రంగు సగం పనే. అరుగుదల అసలు పని. చొక్కా కాలరు మడత, జేబు మూతి, చేతి అంచు, భుజం మీద సంచి పట్టీ ఆనే చోటు. వీటిని ఉప్పు కాగితంతోనూ, కాళ్లు రుద్దుకునే రాయితోనూ అరగదీస్తాం. కాలరు లోపలివైపు కొబ్బరి నూనె రాసి, దుమ్ము అద్ది, ఇస్త్రీ చేస్తాం. తలకి నూనె రాసుకునే మనిషి కాలరు అలాగే ఉంటుంది. రైతు పాత్రకి అరటి కర మచ్చ పెడతాం. అది పడితే ఎన్నిసార్లు ఉతికినా పోదని మన కోనసీమ వాళ్లకీ తెలుసు. ముండు కింది అంచుకి వానాకాలం ఎర్రమట్టి చిందులు ఉంటాయి. ఎక్కడ పడితే అక్కడ కాదు, నడిచేటప్పుడు చెప్పు విసిరే ఎత్తు వరకే, అదీ వెనక వైపే ఎక్కువ. ఎత్తి కట్టడానికి వేళ్లతో పట్టుకునే రెండు చోట్ల మాత్రం మురికి చారలు. మొదటి రోజు చేచ్చి అరగంటలో నాకు చూపించింది ఆ రెండు చారలే. అవి పడగానే, అప్పటి దాకా బట్టగా ఉన్నది ఒక మనిషి పంచె అయిపోయింది.

రెండో సినిమాలో ఒక పెద్ద పొరపాటు చేశాను. 1980ల నాటి కథ. ఆ కాలపు పొడుగు కాలరు చొక్కాలు ఇప్పుడు రెడీమేడ్‌లో దొరకవు, అన్నీ కుట్టించాలి. ఒక్కో చొక్కాకి నాలుగు జతలు, ఫైట్‌లో చిరిగేది ఒకటి, రక్తానిది ఒకటి, డూప్‌కి ఒకటి, మామూలుది ఒకటి. నూలు బట్ట తెచ్చి టైలర్ చేట్టన్‌కి ఇచ్చాను, చేట్టన్ అంటే అన్న. ఆయన దగ్గర ఉన్న దారంతో కుట్టారు. వాటిని టీలో ముంచి, ఆరబెట్టి, సెట్‌కి తెచ్చాం. క్లోజప్ పెట్టగానే కెమెరామన్ మానిటర్ మీద వేలు పెట్టి చూపించారు. చొక్కా అంతా పాతబడి గోధుమ రంగులో ఉంది, కుట్లు మాత్రం తెల్లగా మెరుస్తున్నాయి, వరసగా, చీమల బారులా. దారం పాలియెస్టర్. టీ దానికి పట్టదు. నాకు కాళ్లు చల్లబడ్డాయి. ఆ టెన్షన్‌లో ఏడుపు కూడా రాలేదు. చేచ్చి ఆ షాట్‌ని వెనకనుంచి తీయమని డైరెక్టర్ని ఒప్పించి, నన్నూ ఇంకో అమ్మాయినీ వ్యానులో కూర్చోబెట్టి సన్న బ్రష్షులు, ఫ్యాబ్రిక్ పెయింట్ ఇచ్చారు. నాలుగు చొక్కాల కుట్లకి, కుట్టు కుట్టుకీ రంగు వేశాం. రాత్రి ఒంటిగంట అయింది. అప్పటినుంచి దారం రీలు నేనే కొంటాను, కొనేముందు ఒక కొస నిప్పుకి చూపిస్తాను. నూలైతే బూడిద, పాలియెస్టర్ అయితే ముద్ద. ఇది నాన్న చిన్నప్పుడే నాకు నేర్పిన పరీక్ష. గుర్తు రాలేదంతే.

వానాకాలం గురించి కొంచెం. జూన్‌లో మొదలైతే కేరళలో బట్ట ఆరదు. రాత్రి తడిపిన బట్ట పొద్దుటికి కావాలంటే ఇస్త్రీ పెట్టె, హెయిర్ డ్రయ్యర్లే దిక్కు. ట్రంకు పెట్టెల్లో నాలుగు రోజులు మూసి ఉంచితే బూజు పడుతుంది. ఇప్పుడు చాలా సినిమాలకి సెట్లోనే మాటలు రికార్డు చేస్తున్నారు, గంజి పెట్టిన బట్ట గరగరలాడితే సౌండ్ వాళ్లు ఊరుకోరు, కాబట్టి గంజి కూడా చూసి పెట్టాలి.

2018 ఆగస్టు వరదలప్పుడు నేను కొచ్చిలోనే ఉన్నాను. దగ్గరలోనే చేందమంగలం ఉంది, చేనేతకి పేరున్న ఊరు, మేం కొన్ని సినిమాలకి అక్కడినుంచే ముండులు తెచ్చేవాళ్లం. నీళ్లు తీశాక మా యూనిట్ వాళ్లతో వెళ్లాను. గుంట మగ్గాల్లో బురద నిండిపోయి ఉంది. ఓణం అమ్మకాల కోసం నేసి పెట్టిన బట్టలన్నీ బురదలో ముద్దలై ఉన్నాయి. ఒకావిడ ఒక చీర కొస పట్టుకుని నీళ్లలో జాడిస్తూనే ఉంది, ఎర్రటి నీళ్లు వస్తూనే ఉన్నాయి. రెండేళ్లుగా కష్టపడి బట్టకి మట్టి మచ్చలు పెడుతున్న దాన్ని, ఆవిడ పక్కన కూర్చుని మట్టి వదిలించాను. ఒక్క చీర కూడా పూర్తిగా బాగుపడలేదు. ఆ తర్వాత ఆ పాడైన బట్టల్ని శుభ్రం చేసి, మచ్చలతో సహా చిన్న చిన్న బొమ్మలుగా కట్టి అమ్మారు. చేకుట్టి అని పేరు పెట్టారు, చేరు అంటే బురద, కుట్టి అంటే పిల్ల. నా సంచికి ఇప్పటికీ ఒకటి వేలాడుతూ ఉంటుంది. ఆ రాత్రి నాన్నకి ఫోన్ చేసి మగ్గాల గురించి చెప్తే చాలాసేపు మాట్లాడలేదు. "అచ్చులు కూడా పోయాయా?" అని మాత్రం అడిగారు. అచ్చు అంటే మగ్గంలో పడుగు పోగులు దూరే దువ్వెనలాంటిది.

ఈ వృత్తిలోకి రావాలనుకునే అమ్మాయిలకి కష్టం కూడా చెప్పాలి. నా మొదటి సినిమాకి మొత్తం కలిపి ఇస్తామన్నది 25 వేలు. చేతికొచ్చింది 15 వేలు. టైటిల్స్‌లో అసిస్టెంట్ల పేర్లలో నా పేరు లేదు. అడిగితే "వచ్చే సినిమాలో వేద్దాం" అన్నారు. నేను మౌనంగా ఉండిపోయాను, అది నా తప్పని ఇప్పుడు అనుకుంటున్నాను. ఇప్పుడైతే ముందే కాగితం మీద రాయించుకుంటాను. యూనియన్ కార్డు తీసుకోవడం ఖర్చే, కానీ తీసుకోవాలి. కేరళ సినిమా ఉద్యోగుల సమాఖ్య ఫెఫ్కా కింద మా విభాగానికీ యూనియన్ ఉంది. డబ్బు కన్నా నన్ను ఎక్కువ బాధపెట్టింది టాయిలెట్. కొండ మీదో, తోటలోనో లొకేషన్ పెడితే నటీమణులకి కారవాన్ ఉంటుంది. మాలాంటివాళ్లకి ఏమీ ఉండదు. పొద్దున్నుంచి నీళ్లు తాగకుండా పని చేసిన రోజులు ఉన్నాయి, దానివల్ల ఆసుపత్రి పాలయ్యాను కూడా.

ఇక్కడే శారద గారి పేరు మళ్లీ వచ్చింది. మలయాళ పరిశ్రమలో ఆడవాళ్ల పరిస్థితి చూడటానికి కేరళ ప్రభుత్వం 2017లో జస్టిస్ హేమ కమిటీ వేసింది. ముగ్గురు సభ్యుల్లో శారద గారు ఒకరు. 2019 చివర్లో నివేదిక ఇచ్చారు, బయటికి రావడానికి 2024 ఆగస్టు దాకా పట్టింది. లైంగిక వేధింపుల గురించి పేపర్లన్నీ రాశాయి, రాయాల్సిందే. కానీ అందులో టాయిలెట్ల గురించి, బట్టలు మార్చుకునే చోటు లేకపోవడం గురించి కూడా ఉంది. అది చదివినప్పుడు, ఎవరో మొదటిసారి మా మాట విన్నారనిపించింది. ఆ నివేదిక మీద మా తెనాలి ఆవిడ సంతకం ఉందని చెప్పడానికి అమ్మమ్మ అప్పటికి లేదు.

ఈ పని నుంచి ఎటు వెళ్లొచ్చు అని పిల్లలు అడుగుతుంటారు. ఇంద్రన్స్ గారు దర్జీగా మొదలై, కాస్ట్యూమ్ విభాగంలో ఎన్నో సినిమాలు చేసి, నటుడై, 2017 సంవత్సరానికి కేరళ రాష్ట్ర ఉత్తమ నటుడయ్యారు. స్టెఫీ సేవియర్ 2016 సంవత్సరానికి రాష్ట్ర పురస్కారం తీసుకున్న డిజైనరు, 2023లో దర్శకురాలయ్యారు. జాతీయ పురస్కారాలు మాత్రం ఎక్కువగా రాజులు, యోధుల సినిమాల వైపే చూస్తాయని నాకనిపిస్తుంది. మరక్కార్ సినిమాకి 2019 సంవత్సరానికి సుజిత్ సుధాకరన్, వి. సాయి గార్లకి వచ్చింది. ఎక్కువ భాగం మన రామోజీ ఫిల్మ్ సిటీలోనే తీశారు ఆ సినిమా. ఆ స్థాయి పనికి నేను చేతులెత్తి దండం పెడతాను. కానీ ఒక టీ కొట్టు యజమాని బనియను సరిగ్గా చేయడానికీ అంతే చూపు కావాలి. దానికీ ఎప్పుడైనా ఆ పురస్కారం రావాలని నా కోరిక.

ఆరేళ్లు అసిస్టెంట్‌గా చేశాక 2022లో నాకు సొంతంగా ఒక సినిమా వచ్చింది. చిన్న బడ్జెట్. పాత్రలన్నీ కన్నూరువే. హీరో తండ్రి బీడీ కార్మికుడు. కన్నూరులో చదువుకున్నదాన్ని కాబట్టి నన్ను పిలిచారు.

కన్నూరు బీడీ పనికి ఒక చరిత్ర ఉంది. 1969లో కార్మికులంతా కలిసి దినేశ్ బీడీ సహకార సంఘం పెట్టుకున్నారు. వరసగా కూర్చుని బీడీలు చుడుతుంటే ఒకరు పైకి పేపరు చదివేవారు. బీడీకి గిరాకీ తగ్గాక సంఘం గొడుగులు, తినుబండారాలు, దుస్తుల వైపు కూడా వెళ్లింది. నేను వెళ్లినప్పుడు మాట్లాడటానికి దొరికింది ఎక్కువగా పని మానేసిన పెద్దవాళ్లే. వాళ్లని చూస్తే మన నిజామాబాద్, జగిత్యాల వైపు ఒళ్లో చేట పెట్టుకుని బీడీలు చుట్టే అమ్మలు గుర్తొచ్చారు. అదే తునికాకు, అదే పొగాకు, ఒళ్లో అదే చేట.

నేను ఆ తండ్రి పాత్రకి నాలుగు ముండులు తయారు చేసి, అంచుకి మట్టి, వేళ్ల చారలు అన్నీ పెట్టాను. లుక్ టెస్ట్‌లో నటుడు కట్టుకుని కూర్చున్నారు. బాగుందన్నారు అందరూ. నాకు మాత్రం ఏదో తక్కువ అనిపించింది. రాత్రి ఫోటోలు నాన్నకి వాట్సాప్‌లో పంపాను. ఆయన నా పని గురించి అప్పటిదాకా ఎప్పుడూ ఒక్క ప్రశ్న వేసి ఎరగరు. బట్ట పాడు చేసే పని అని ఆయనకి బాధ ఉండేది. ఫోన్ చేశారు.

"ఆయన కూర్చుని చేసే పనా, నిలబడి చేసే పనా?"

"కూర్చునే నాన్నా. ఒళ్లో చేట పెట్టుకుని."

"మరి ఒళ్లో ఏదీ? నువ్వు అంచు దగ్గరే అరగదీశావు. అంచు అరిగేది తిరిగేవాడికమ్మా. నా లుంగీ చూడు, నేసిన బట్ట చుట్టుకునే కొయ్య పొట్టకి ఎక్కడ తగులుతుందో అక్కడే పోతుంది ముందు."

పదేళ్లకి పైగా అదే లుంగీ రోజూ చూసిన దాన్ని నేను. పొట్ట దగ్గర అడ్డంగా ఒక పట్టీలా పలచబడి, వెలుతురుకి పెడితే జల్లెడలా కనిపించేది.

మర్నాడు పొద్దున్నే మళ్లీ ఆ బీడీ కార్మికుల దగ్గరికి వెళ్లాను. ఒక పెద్దాయన్ని, ముప్పై ఏళ్లకి పైగా బీడీలు చుట్టిన మనిషిని, ఆయన పాత ముండు ఒకటి ఇస్తే రెండు కొత్తవి ఇస్తానని అడిగాను. సినిమా వాళ్లు ఇలా పాత బట్టలకి కొత్తవి ఇచ్చి తీసుకోవడం మామూలే. ఆయన నవ్వి, "కొత్తవి ఒద్దు మోళే, చింపకుండా తెచ్చివ్వు" అని లోపలినుంచి తెచ్చారు. విప్పి చూస్తే రెండు తొడల మీదా, చేట అంచు ఆనే చోట, రెండు అరిగిన గీతలు. వాటి మధ్య పొగాకు దుమ్ము చేరి, ఉతికి ఉతికి, లేత గోధుమ రంగులో ఒక పెద్ద మచ్చ. బట్ట బాగా అరిగిపోయిన చోట ఒక చిన్న చిరుగు, దాని చుట్టూ ఎవరో, బహుశా భార్య, వేరే రంగు దారంతో వేసిన కుట్లు. ఆ కుట్లు చూస్తూ ఎంతసేపు కూర్చున్నానో నాకే తెలియదు.

దాన్ని నమూనాగా పెట్టుకుని నా నాలుగూ మళ్లీ చేశాను. నిజమైన పొగాకు మరిగించిన నీళ్లు వాడాను, వాసనకి రెండు రోజులు తల తిరిగింది. నటుడి ఒళ్లో ఖాళీ చేట పెట్టి, అది ఎక్కడ ఆనుతుందో చాక్‌పీసుతో గీసి, అక్కడే అరగదీశాను. చిరుగుకి కుట్లు నేనే వేశాను. పెద్దాయన ముండుని రెండు షాట్లలో వాడి, ఉతికి, ఇస్త్రీ చేయకుండా, ఆయన మడిచినట్టే మడిచి ఇచ్చి వద్దామని వెళ్తే, నటుడి ఫోటో చూసి అది నీ దగ్గరే ఉంచుకోమన్నారు.

సినిమా 2024లో వచ్చింది. వస్త్రాలంకారం అన్న కార్డు మీద నా పేరు మూడు సెకన్లు ఉంది. మంగళగిరిలో ఆ సినిమా ఆడలేదు, కొన్నాళ్లకి ఓటీటీలో వస్తే అమ్మా నాన్నా చూశారు. ఆ సంక్రాంతికి ఇంటికెళ్లినప్పుడు ఐదు ముండులూ పట్టుకెళ్లి నాన్న ముందు చాప మీద పరిచాను. "ఇందులో ఒకటే అసలుది, చెప్పు నాన్నా" అన్నాను. కళ్లజోడు పెట్టుకుని వంగి చూశారు. చాలాసేపు చూశారు. చెప్పలేకపోయారు. అప్పుడు కళ్లజోడు తీసేసి, ఒక్కో దాని ఒడి భాగాన్ని బొటనవేలికీ చూపుడు వేలికీ మధ్య పెట్టి మెల్లగా నలిపారు. మూడోది పట్టుకుని ఆగారు.

"ఇది. ఇది మెత్తబడింది. మిగతావి నువ్వు రాపిడి పెట్టినవి. ఇంకో సంగతి, ఈ చిరుగు చూడు, పేక ముందు పోయింది, పడుగు నిలబడింది. నీ చిరుగుల్లో రెండూ ఒకేసారి తెగాయి. కత్తెర పెట్టావు కదూ?"

అవునన్నాను. పడుగు అంటే నిలువు పోగులు, పేక అంటే అడ్డం పోగులు. నోట్‌బుక్ తెచ్చి రాసుకుంటుంటే, సూదితో పేక పోగుల్ని ఒక్కొక్కటే ఎలా లాగాలో నా రెండో ముండు మీద చేసి చూపించారు. తప్పు లేకుండా బట్ట నేయడమే తెలిసిన చేతులు, తీరిగ్గా కూర్చుని నాకోసం బట్ట చింపాయి. వచ్చే సినిమాకి ఆయన పొట్ట దగ్గర పలచబడ్డ లుంగీ ఇమ్మని అడిగాను.

"ఊరికే ఎందుకిస్తాను, కొత్తది తెచ్చావా?" అన్నారు.

తెచ్చాను. బ్యాగులోంచి తీసి ఇచ్చాను. అంచు దగ్గర పోగు లాగి, నూలో కాదో చూసి, భుజాన వేసుకుని లోపలికెళ్లారు.